కూఫా పట్నం మసీదు కథ: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

పోయిన నెల పీర్ల పండుగ మీద నాలుగు మాటలు రాస్తే, గడ్చిరోలి, చంద్రపూర్, నాందేడ్ జిల్లాల్లోని మన తెలుగువాళ్ల నుంచి వరసగా ఉత్తరాలొచ్చాయి. చాలామంది అడిగింది ఒకే ఊరి గురించి, ప్రవక్త మనవడు హుసేన్‌ను రమ్మని పిలిచి వదిలేసిందని చెప్పుకునే ఇరాక్ ఊరు కూఫా గురించి. అందుకని ఈసారి కాలమ్ మొత్తం దానికే ఇస్తున్నాను.

ప్రశ్న: సార్, మాది సిరొంచ. చిన్నప్పటి నుంచి పీర్ల కొట్టం ముందు అలాయి ఆడినోళ్లం. మా నాయనమ్మ కథ చెప్పేటప్పుడు "కూఫా పట్నపోళ్లు రమ్మని ఉత్తరాలు రాసి, వచ్చినంక మొహం చాటేసిండ్రు" అని కండ్లనీళ్లు పెట్టుకునేది. మొన్న టీవీలో ఏదో పాత వీడియో చూపించారు, అదే కూఫాలో పెద్ద మసీదు, తెల్లగుడ్డలు కప్పుకున్న వేలమంది జనం, మధ్యలో ఒకాయన మైకులో ప్రసంగం. నాకైతే రాజకీయ మీటింగ్ లాగే అనిపించింది. షియాల మసీదులు వేరేగా ఉంటాయా? మసీదులో రాజకీయాలేంటి? మన పీర్ల కొట్టానికీ దానికీ ఏమన్నా సంబంధం ఉందా?

జవాబు: తమ్ముడూ, ముందు చిన్న సంగతి తేల్చేద్దాం. పీర్ల కొట్టం మసీదు కాదు. మన కొట్టంలో నిలబెట్టే పీరు అసలు పేరు అలం, అంటే జెండా, యుద్ధంలో పట్టుకునే గుర్తు. హైదరాబాద్ వైపు అలాలు నిలబెట్టే చోటును ఆషూర్‌ఖానా అంటారు. మనం దట్టీలు కట్టి, ఊదు వేసి, కుడుకల దండలు వేసి, మలీద పంచేది ఆ ఆషూర్‌ఖానా సంప్రదాయంలోనిది. మసీదులో జరిగేది నమాజు. షియా మసీదైనా సున్నీ మసీదైనా కట్టడంలో పెద్ద తేడా కనిపించదు, ఖిబ్లా, అంటే నమాజుకు తిరిగే మక్కా దిక్కు, ఒకటే, ఆ దిక్కు గోడలో ఉండే గూడు, మిహ్రాబు, ఒకటే. నమాజు చేసే పద్ధతిలో కొద్ది తేడాలుంటాయి. షియాలు చేతులు కట్టుకోకుండా పక్కలకు వదిలేసి నిలబడతారు, సజ్దా చేసేటప్పుడు నుదురు ఆనే చోట చిన్న మట్టిబిళ్ల పెట్టుకుంటారు, ఎక్కువమందికి హుసేన్ నేలకొరిగిన కర్బలా మట్టి అంటే ప్రాణం. అజాన్‌లో ప్రవక్త అల్లుడు అలీ పేరు కూడా పలుకుతారు.

ఇక కూఫా. ఇరాక్‌లో యూఫ్రటీస్ నది ఒడ్డున, అలీ సమాధి ఉన్న నజఫ్ పట్నానికి పది కిలోమీటర్ల దూరంలో ఉంటుంది. ఊరు పుట్టింది క్రీ.శ. 638 ప్రాంతంలో. అరబ్బు సైన్యం ఇరాన్ చక్రవర్తులను ఓడించి ఇరాక్‌లో దిగాక, సైనికులూ వాళ్ల కుటుంబాలూ ఉండటానికి సాద్ ఇబ్న్ అబీ వక్కాస్ అనే సేనాపతి వేసిన దండు ఊరు అది. ఎక్కడ వేయాలి అన్నదానికి మదీనాలో ఉన్న రెండో ఖలీఫా, అంటే ప్రవక్త తరవాత ముస్లింలను ఏలిన రెండో పాలకుడు, ఉమర్ ఒక షరతు పెట్టాడంటారు, నాకూ నా సైనికులకూ మధ్య నది అడ్డం ఉండకూడదు అని. నీకు ఈ మాట నేను విడమరిచి చెప్పక్కర్లేదు, వంతెన పడకముందు సిరొంచ నుంచి కాళేశ్వరం పోవాలంటే వానాకాలంలో పడవ కోసం ఎంతసేపు ఒడ్డున కూర్చునేవాళ్లో మీ ఇంట్లో పెద్దవాళ్లను అడుగు. కబురు వెళ్లాలన్నా, సైన్యం కదలాలన్నా నది దాటడమే పెద్ద టెన్షన్.

ఊరికి ముగ్గు వేసేటప్పుడు మొదట మసీదు చోటే గుర్తుపెట్టారు. తబరీ అని 10వ శతాబ్దంలో చనిపోయిన గొప్ప చరిత్రకారుడు రాసిన ప్రకారం, గట్టి విలుకాడిని ఆ చోట నిలబెట్టి నాలుగు వైపులా బాణాలు వేయించారు, ఇళ్లు కట్టుకోవాలంటే బాణం పడ్డ చోటు దాటాకే కట్టుకోవాలి. లోపలిదంతా జనం కూడే మైదానం. మొదట్లో దానికి గోడలు కూడా లేవు, చుట్టూ కందకం, ఖిబ్లా వైపు పాలరాతి స్తంభాల మీద ఒక కప్పు, అంతే. ముప్ఫై ఏళ్లు దాటాక, 670లో, జియాద్ అనే గవర్నర్ దాన్ని గట్టిగా, పెద్దగా మళ్లీ కట్టించాడు.

నాకు బాగా ఇష్టమైన సంగతి ఇంకొకటి ఉంది. మసీదుకు కొంచెం ఎడంగా గవర్నర్ కోట, అందులో ఖజానా ఉండేవి. ఒక రాత్రి దొంగలు గోడకు కన్నం వేసి ఖజానా సొమ్ము ఎత్తుకుపోయారు. సంగతి ఉమర్‌కు రాస్తే ఆయన జవాబు పంపాడట, మసీదును తెచ్చి కోటకు ఆనించి కట్టండి, మసీదులో రాత్రీ పగలూ జనం మసలుతుంటారు, ఖజానాకు వాళ్లకంటే కాపలా ఎవరు అని. అట్లా మసీదుకూ కోటకూ ఒకటే గోడ అయింది. మసీదులో రాజకీయాలేంటి అన్న నీ ప్రశ్నకు సగం జవాబు ఆ గోడలోనే ఉంది. గవర్నర్ తన కోటలోంచి నేరుగా మసీదులోకి వచ్చి మింబర్ ఎక్కుతాడు, అంటే ప్రసంగం చేసే మెట్ల పీఠం. అక్కడి నుంచే ఖుత్బా, అంటే శుక్రవారం నమాజు ప్రసంగం, అక్కడి నుంచే యుద్ధానికి పిలుపు, కొత్త ఖలీఫా వస్తే విధేయత ప్రమాణం కూడా అక్కడే. మన రచ్చబండ, తహసీల్ కచేరీ, గుడి మూడూ ఒకే చోట పెట్టినట్టు ఊహించుకో. దీన్లోంచి రాజకీయం తీసేయడం అనే ఆలోచన ఆ రోజుల్లో ఎవరికీ రాలేదు.

అది కట్టినప్పుడు షియా మసీదు కాదు, అందరిదీ. షియా అనే మాటకు అర్థమే పక్షం, షీఅతె అలీ అంటే అలీ పక్షం. ప్రవక్త అల్లుడైన అలీ 656లో ఖలీఫా అయ్యి, మరుసటి ఏడాది రాజధానిని మదీనా నుంచి కూఫాకు మార్చాడు. అదే మింబర్ మీద ప్రసంగాలు చేశాడు, అదే ఆవరణలో కూర్చుని తగవులు తీర్చాడు, తీర్పులు చెప్పిన చోటు ఇదే అని ఇప్పటికీ చూపిస్తారు. 661 జనవరిలో, రంజాన్ 19వ తేదీ తెల్లవారుజామున, నమాజు వేళ ఇబ్న్ ముల్జమ్ అనే ఖారిజీ, అంటే అలీ పక్షం నుంచి విడిపోయి ఆయనకే ఎదురుతిరిగిన గుంపువాడు, విషం పూసిన కత్తితో ఆయన తల మీద కొట్టాడు. రెండు రోజులకు చనిపోయాడు. ఆ మిహ్రాబు దగ్గర నిలబడి ఏడ్చే యాత్రికులు ఈ రోజుకీ ఉంటారు. ప్రయాణంలో ఉన్నవాళ్లు నమాజును తగ్గించి చేసుకోవచ్చని నియమం ఉన్నా, తగ్గించకుండా పూర్తిగా చేసుకోవడానికి షియాలు ప్రత్యేకంగా చెప్పుకునే నాలుగు చోట్లున్నాయి. మక్కా, మదీనా, కర్బలాలో హుసేన్ దర్గా, నాలుగోది ఈ కూఫా మసీదు.

ప్రశ్న: నమస్తే సార్. బల్లార్‌పూర్ నుంచి రాస్తున్నాను, మా ఆయన బొగ్గుగనిలో పనిచేస్తారు. కూఫా వాళ్లు పుట్టుకతోనే మోసగాళ్లని మా కాలనీలో ఒక పెద్దాయన అంటారు. వేలమంది ఒకేసారి మాట తప్పడం ఎలా జరుగుతుంది? నాకు నమ్మబుద్ధి కావట్లేదు.

జవాబు: నమ్మొద్దమ్మా. కూఫావాడు మాట నిలబెట్టుకోడు అని అరబ్బుల్లోనే సామెత ఉంది, మీ పెద్దాయన తప్పుగా వినలేదు. కానీ ఆ రోజు ఏం జరిగిందో గంట గంటకూ రాసిపెట్టిన వాళ్లున్నారు, అది చదివితే నాకు మోసం కంటే భయం ఎక్కువ కనిపిస్తుంది, ఆ భయం ఎవరు ఎట్లా పుట్టించారో కూడా కనిపిస్తుంది.

సంగతి 680లోది. అలీ తరవాత సిరియా నుంచి ఏలిన ఖలీఫా ముఆవియా చనిపోయాడు, కొడుకు యజీద్ గద్దె ఎక్కాడు. కూఫా పెద్దలు మక్కాలో ఉన్న అలీ కొడుకు హుసేన్‌కు ఉత్తరాల మీద ఉత్తరాలు రాశారు, మాకు నాయకుడు లేడు, నువ్వు రా అని. హుసేన్ తొందరపడలేదు. నిజానిజాలు చూసి రమ్మని తన చిన్నాన్న... కాదు, పెదనాన్న అకీల్ కొడుకు ముస్లిమ్‌ను ముందుగా పంపాడు. ముస్లిమ్ చేతిలో చెయ్యి పెట్టి ప్రమాణం చేసినవాళ్లు 12 వేలని కొందరు, 18 వేలని కొందరు రాశారు. పరిస్థితి బాగుంది, బయలుదేరి రా అని ముస్లిమ్ ఉత్తరం రాశాడు, హుసేన్ బయలుదేరాడు. ఇక్కడే కథ తిరగబడింది.

అప్పటి గవర్నర్ మెత్తనివాడని యజీద్ అతన్ని తీసేసి, బస్రాలో ఉన్న ఉబైదుల్లా ఇబ్న్ జియాద్‌ను పంపాడు. మసీదును పెద్దగా కట్టించిన జియాద్ అని పైన రాశానే, ఆయన కొడుకే ఇతను. నల్ల తలపాగా చుట్టుకుని, మొహం కప్పుకుని ఊళ్లోకి వస్తుంటే జనం హుసేనే వచ్చాడనుకుని, ప్రవక్త బిడ్డకు స్వాగతం అని దారి పొడవునా సలాములు పెట్టారు. ఉబైదుల్లా ఒక్క మాట మాట్లాడలేదు. ఎవరెవరు ఎంత సంతోషంగా ఉన్నారో చూసుకుంటూ నేరుగా కోటలోకి వెళ్లిపోయాడు. పొద్దున మసీదులో జనాన్ని కూడగట్టి మింబర్ ఎక్కాడు.

ఇక్కడ ఒక విషయం తెలియాలి. కూఫా కుటుంబాలకు ప్రభుత్వం నుంచి ఏటా బత్తెం వచ్చేది, పేర్లు రిజిస్టర్లో ఉండేవి. జనాన్ని గుంపులుగా విడదీసి, ఒక్కో గుంపుకు ఒక పెద్దను పెట్టి ఆయన ద్వారా పంచేవాళ్లు. ఉబైదుల్లా ఆ పెద్దలనే పట్టుకున్నాడు. నీ గుంపులో కొత్తవాళ్లెవరు, అనుమానం ఉన్నవాళ్లెవరు, రాసియ్యి. రాసియ్యకుండా నీ దగ్గర ఎవడైనా దొరికితే నీ ఇంటి గుమ్మానికే నిన్ను శిలువ వేస్తా, నీ గుంపు మొత్తానికి బత్తెం ఆపేస్తా. ఇప్పటి మాటల్లో చెప్పాలంటే, మీ వాడలో ఒక్కడు తప్పుచేస్తే వాడకంతా రేషన్ కార్డులు కొట్టేస్తామన్నట్టు. గనిలో పనిచేసే ఇంటి మనిషివి, నెల జీతం ఆగితే ఇల్లు ఎట్లా అవుతుందో నేను చెప్పక్కర్లేదు.

ముస్లిమ్‌ను దాచిపెట్టిన హానీ అనే పెద్దమనిషిని పట్టుకుని కొట్టారని తెలిసి, ముస్లిమ్ నాలుగు వేల మందితో వచ్చి కోటను చుట్టుముట్టాడు. మసీదు, బజారు జనంతో నిండిపోయాయి. కోటలోపల ఉబైదుల్లాతో ఉన్నది గట్టిగా యాభై మంది. ఆ పగలు కోట తలుపులు విరిగి ఉంటే చరిత్ర వేరేగా ఉండేదేమో. కానీ ఉబైదుల్లా తెలివిగా, తన దగ్గరున్న తెగల పెద్దలనే గోడ మీదికి ఎక్కించాడు. వాళ్లు పైనుంచి అరిచారు, సిరియా సైన్యం వస్తోంది, ఇళ్లకు పొండి, బత్తెం పోతుంది, పిల్లలు ఆకలికి చస్తారు అని. ఆ తరవాతి సంగతి చదివితే కడుపులో చెయ్యి పెట్టి దేవినట్టుంటుంది. తల్లి వచ్చి కొడుకు చెయ్యి పట్టుకుని "పద ఇంటికి, నువ్వొక్కడివి లేకపోతే ఏమవుతుంది, మిగతావాళ్లు ఉన్నారుగా" అంటుంది. తండ్రి వచ్చి కొడుకును లాక్కుపోతాడు, అన్న వచ్చి తమ్ముణ్ని. ఒక్కొక్క ఇంటిమనిషి వచ్చి ఒక్కొక్కణ్ని తీసుకెళ్లిపోయాడు. అందరికీ అదే మాట, మిగతావాళ్లు ఉన్నారుగా.

పొద్దు గుంకింది. మగ్రిబ్ నమాజుకు మసీదులో ముస్లిమ్ వెనకాల నిలబడింది ముప్ఫై మంది. నమాజు అయ్యి కిందా అనే తెగవాళ్ల వాడ వైపు ద్వారం దగ్గరికి నడిచేసరికి పది మంది. ద్వారం దాటి వెనక్కి తిరిగి చూస్తే ఒక్కడూ లేడు, దారి చూపించేవాడు కూడా లేడు.

చీకట్లో సందులు పట్టుకుని తిరిగి తిరిగి ఒక గుమ్మం ముందు ఆగాడు. తౌఆ అనే ముసలావిడ ఇంకా ఇంటికి రాని కొడుకు కోసం వాకిట్లో నిలబడి ఉంది. దాహమంటే నీళ్లిచ్చింది. గిన్నె లోపల పెట్టి వచ్చేసరికి ఆయన అక్కడే కూర్చుని ఉన్నాడు. "నీళ్లు తాగావుగా నాయనా, ఇంటికి వెళ్లు" అంది. మాట్లాడడు. మళ్లీ అంది. పరాయి మగవాడు రాత్రిపూట నా గుమ్మంలో కూర్చోవడం బాగుండదు, వెళ్లమంది. అప్పుడు లేచి "అమ్మా, ఈ ఊళ్లో నాకు ఇల్లు లేదు" అన్నాడు. ఎవరో తెలిశాక లోపలికి పిలిచి, వేరే గదిలో పక్క వేసి, అన్నం పెట్టింది, ఆయన తినలేదు. బత్తెం భయం ఆమెకు లేదంటావా? కొడుకే పొద్దున్నే పోయి చెప్పేశాడు. సైనికులు వస్తే ముస్లిమ్ కత్తి తీసి సందులో పోరాడి, దొరికిపోయాడు. కోట పైకి ఎక్కించి తల నరికి కిందికి విసిరేశారు. హానీని బజారులో చంపారు. అప్పటికే దారిలో ఉన్న హుసేన్‌కు ఈ సంగతి చాలా ఆలస్యంగా తెలిసింది. నెల రోజులకు, 680 అక్టోబర్ 10న, ముహర్రం పదో రోజున, కర్బలాలో యజీద్ సైన్యం హుసేన్‌ను చంపింది. మన ఊళ్లల్లో పీర్లు నీళ్లకు పోయే రోజు అదే.

ఇప్పుడు మీ పెద్దాయన మాటకొస్తాను. హుసేన్ పక్కన నిలబడి కర్బలాలో చనిపోయిన ఆ కొద్దిమందిలో హబీబ్ ఇబ్న్ ముజాహిర్, ముస్లిమ్ ఇబ్న్ ఔసజా కూఫావాళ్లే. కాపలా తప్పించుకుని వెళ్లి చేరారు. కర్బలా అయ్యాక ఉబైదుల్లా అదే మసీదులో మింబర్ ఎక్కి, అబద్ధాలకోరును, వాడి తండ్రిని దేవుడు శిక్షించాడు అని మాట్లాడుతుంటే లేచి నిలబడి ఎదురు చెప్పింది కూడా కూఫావాడే, అబ్దుల్లా ఇబ్న్ అఫీఫ్. అలీ తరఫున చేసిన యుద్ధాల్లో ఒక కన్ను ఒక యుద్ధంలో, రెండో కన్ను ఇంకో యుద్ధంలో పోయాయి. చూపు పోయాక పొద్దున్నుంచి రాత్రిదాకా మసీదులోనే నమాజు చేసుకుంటూ గడిపేవాడు. నిండు మసీదులో ఆ గుడ్డి మనిషి, అబద్ధాలకోరువు నువ్వూ నీ తండ్రీ అన్నాడు. ఆయన్నీ చంపారు. ఆ తరవాత నాలుగేళ్లకు, మేం పిలిచి చంపుకున్నాం, మాకు ప్రాయశ్చిత్తం చావే అని వేలమంది కూఫావాళ్లు బయలుదేరి సిరియా సైన్యం మీద పడి ప్రాణాలు పోగొట్టుకున్నారు. వాళ్లకు చరిత్రలో పేరే పశ్చాత్తాపపడినవాళ్లు, తవ్వాబీన్ అని. కాబట్టి అమ్మా, పుట్టుకతో మోసగాళ్లు అన్న మాట నేను ఒప్పుకోను.

ప్రశ్న: సార్, నేను అహేరీలో డిగ్రీ చదువుతున్నాను. కర్బలా తరవాత కూఫా మసీదు కథ ఆగిపోయిందా?

జవాబు: ఇంకో డెబ్బై ఏళ్లు ఇరాక్ రాజకీయమంతా ఆ ఆవరణలోనే తిరిగింది. 685లో ముఖ్తార్ అనే ఆయన హుసేన్ రక్తానికి బదులు అంటూ ఊరిని పట్టుకున్నాడు, చంపినవాళ్లను వెతికి చంపాడు, 687లో తనూ చచ్చిపోయాడు. గవర్నర్ కోట గురించి ఒక కథ చెప్పుకుంటారు. 691లో ఖలీఫా అబ్దుల్ మలిక్ గెలిచి ఆ కోటలో కూర్చుంటే, అంతకుముందు ముఖ్తార్‌ను ఓడించి, ఇప్పుడు తను ఓడిపోయిన ముస్అబ్ తలను తెచ్చి ముందు పెట్టారు. పక్కనున్న ముసలాయన అన్నాడట, "ఇదే చోట ఉబైదుల్లా ముందు హుసేన్ తల చూశాను, ముఖ్తార్ ముందు ఉబైదుల్లా తల చూశాను, ముస్అబ్ ముందు ముఖ్తార్ తల చూశాను, ఇప్పుడు నీ ముందు ముస్అబ్ తల చూస్తున్నాను" అని. ఖలీఫా ఉలిక్కిపడి లేచి, కోటను పడగొట్టమన్నాడని చెప్తారు.

694లో హజ్జాజ్ గవర్నర్‌గా వచ్చాడు. ఇతనూ మొహం కప్పుకునే వచ్చి మింబర్ మీద చాలాసేపు మౌనంగా కూర్చున్నాడు, జనం రాళ్లు విసురుదామా అనుకునేంతసేపు. తరవాత లేచి, తలలు పండి కోతకొచ్చినట్టు కనిపిస్తున్నాయి, కోసేవాణ్ని నేనే అన్నాడు. అరబ్బీ చదివే పిల్లలు ఈ ప్రసంగాన్ని భాష కోసం ఇప్పటికీ చదువుతారు. నాకైతే భాష ఎంత అందమైనదైనా ఆ మాట వింటే ఒళ్లు జలదరిస్తుంది.

740లో హుసేన్ మనవడు జైద్ తిరగబడ్డప్పుడు, గవర్నర్ మనుషులు ఇంకో ఎత్తు వేశారు. ఊరి మగవాళ్లందరినీ మసీదుకు రమ్మని చాటింపు వేసి, రానివాడికి రక్షణ లేదని చెప్పి, లోపలికి వచ్చాక తలుపులు వేసేశారు. జైద్ వెంట మిగిలింది రెండు వందల పైచిలుకు. వాళ్లు మసీదు దాకా వచ్చి, జెండాలను తలుపుల పైనుంచి లోపలికి వంచి, బయటికి రండి, అవమానంలోంచి గౌరవంలోకి రండి అని పిలిచారు. పైకప్పు మీది సైనికులు రాళ్లు వేశారు. ఎవరూ బయటికి రాలేకపోయారు. జనం కూడే చోటే జనాన్ని బంధించే చోటు అయిపోయింది, మసీదు రాజకీయంలో ఇంతకంటే బాధాకరమైన ఘట్టం నాకు తెలియదు.

749లో ఉమయ్యదులు, అంటే ముఆవియాతో మొదలైన ఖలీఫాల వంశం, కూలిపోతుంటే మొదటి అబ్బాసీ ఖలీఫా సఫ్ఫాహ్‌కు జనం ప్రమాణం చేసింది ఈ మసీదులోనే. కానీ అబ్బాసీలకూ కూఫా మీద నమ్మకం కుదరలేదు, రాజధాని అక్కడ ఉంచలేదు, 762లో బాగ్దాద్ కట్టుకున్నారు. అక్కడి నుంచి కూఫా వెనకబడింది, పక్కనే నజఫ్ పెరిగింది.

ప్రశ్న: దేగ్లూర్ నుంచి. మన గోల్కొండ సుల్తానులు కూడా షియాలే అంటారు. అక్కడి మసీదుల్లో కూడా ఇట్లాంటి రాజకీయం నడిచిందా?

జవాబు: నడిచింది. కుతుబ్‌షాహీ వంశానికి మూలపురుషుడు సుల్తాన్ కులీ ఇరాన్‌లోని హమదాన్ వైపు నుంచి వచ్చిన షియా. ఖుత్బాలో షియాలు అలీతో మొదలుపెట్టి వరసగా గురువులుగా కొలిచే పన్నెండు మంది ఇమాముల పేర్లు చదివించాడు. ఆయన ప్రాణం పోయింది కూడా మసీదులోనే. 1543లో, బాగా ముసలితనంలో, గోల్కొండ జామా మసీదులో ఉండగా చంపించారు, చంపించింది కొడుకు జంషీద్ అని చరిత్ర చెప్తుంది. చార్మినార్ కట్టించిన మహమ్మద్ కులీ 1590ల్లో హైదరాబాద్‌లో బాద్‌షాహీ ఆషూర్‌ఖానా కట్టించాడు. లోపలి గోడల మీద పసుపు, నీలం, ఆకుపచ్చ పెంకుల పని, పొద్దున పూట వెళ్తే చూడు, ఆ రంగుల ముందు నిలబడితే కదలబుద్ధి కాదు.

అసలు రాజకీయం 1636లో జరిగింది. మొఘల్ చక్రవర్తి షాజహాన్ సైన్యాన్ని దక్కన్‌కు దించి, అబ్దుల్లా కుతుబ్‌షాతో ఒడంబడిక రాయించుకున్నాడు. కప్పం సంగతి సరే, మసీదుల్లో ఖుత్బా కూడా మార్చాలన్నాడు. పన్నెండు ఇమాముల పేర్ల చోట నలుగురు ఖలీఫాల పేర్లు, ఇరాన్ షా పేరు చోట షాజహాన్ పేరు చదవాలి. నాణెం మీద ఎవరి పేరు, ఖుత్బాలో ఎవరి పేరు, ఈ రెండే అప్పట్లో రాజ్యం ఎవరిదో చెప్పే గుర్తులు. కోట మీద ఫిరంగి పేలకముందే మింబర్ మీద గోల్కొండ సగం ఓడిపోయింది, పూర్తిగా ఓడింది 1687లో ఔరంగజేబుకు. ఆ తరవాత పాడుపడిన బాద్‌షాహీ ఆషూర్‌ఖానాకు నిజాం అలీ ఖాన్ కాలంలో మళ్లీ బాగోగులు జరిగాయి. నిజాములు సున్నీలు, అయినా ముహర్రం ఆపలేదు. దేగ్లూర్ 1948 దాకా నిజాం రాజ్యమే. సిరొంచ కూడా 1860లో బ్రిటిష్ వాళ్ల చేతికి పోయేదాకా నిజాంలోదే. మహారాష్ట్రలో ఉన్నా మన ఊళ్ల పీర్ల మీద గోల్కొండ, హైదరాబాద్ ముద్ర కనిపిస్తుందంటే కారణం అదే.

ప్రశ్న: చంద్రపూర్‌లో హార్డ్‌వేర్ దుకాణంలో గుమాస్తాను. మా సేఠ్ గారు బోహ్రా. ఈ మధ్యే కూఫా వెళ్లొచ్చి, ఆ మసీదును మావాళ్లే బాగుచేశారని చెప్పారు. నిజమేనా? అక్కడ ఇప్పుడు గొడవలు లేవా?

జవాబు: మీ సేఠ్ గారు చెప్పింది నిజం. దావూదీ బోహ్రాలు షియాల్లోనే ఇస్మాయిలీ శాఖవాళ్లు, వాళ్ల పెద్ద, సయ్యద్నా అంటారు, ఉండేది ముంబైలో. 2014లో చనిపోయిన 52వ సయ్యద్నా మహమ్మద్ బుర్హానుద్దీన్ పూనుకుని కూఫా మసీదును మళ్లీ కట్టించారు. ఇరాక్‌లో ఎక్కువమంది పన్నెండు ఇమాముల షియాలు, వాళ్ల మసీదును ముంబై నుంచి వేరే శాఖవాళ్లు వచ్చి బాగుచేయడం నాకు చాలా మంచి విషయంగా అనిపిస్తుంది.

గొడవల సంగతి, సిరొంచ తమ్ముడు అడిగిన తెల్లగుడ్డల సంగతి రెండూ ఒకటే. 1990ల చివర్లో, సద్దాం హయాంలో, మహమ్మద్ సాదిక్ అల్ సద్ర్ అనే మతగురువు కూఫా మసీదులో శుక్రవారం ప్రార్థనలు పెద్ద ఎత్తున నడిపాడు. కనుమరుగయ్యాడని షియాలు నమ్మే పన్నెండో ఇమాం తిరిగి వచ్చేదాకా శుక్రవారం సామూహిక నమాజు తప్పనిసరి కాదని చాలామంది షియా పండితుల అభిప్రాయం, అందుకే ఆయన చేసింది కొత్తగా కనిపించింది. శవానికి కప్పే తెల్లని కఫన్ భుజాల మీద వేసుకుని మింబర్ ఎక్కేవాడు, చావుకు సిద్ధపడే మాట్లాడుతున్నానని దాని అర్థం. బీద జనం వేలల్లో వచ్చేవాళ్లు. 1999 ఫిబ్రవరి 19న నజఫ్‌లో కారులో వెళ్తుండగా ఆయన్నీ, ఇద్దరు కొడుకులనూ కాల్చి చంపారు. బతికిన కొడుకు ముఖ్తదా 2003లో సద్దాం పడిపోయాక అదే మసీదు నుంచి, అదే కఫన్‌తో అమెరికా సైన్యానికి ఎదురు నిలిచాడు. టీవీలో చూపించే కఫన్ జనం ఆ వారసత్వమే.

2004 ఆగస్టులో నజఫ్‌లో మూడు వారాలు యుద్ధం నడిచింది. ఆగస్టు 26న కూఫా మసీదు మీద మోర్టార్ గుండ్లు పడ్డాయి, నజఫ్‌కు ఊరేగింపుగా బయలుదేరడానికి లోపల కూడిన జనంలో పాతిక మందికి పైగా చనిపోయారు. గుండె వైద్యానికి లండన్ వెళ్లిన పెద్ద మతగురువు సిస్తానీ ఆ రోజే నజఫ్ చేరుకుని ఒప్పందం కుదిర్చాడు. నజఫ్, కూఫా రెండు ఊళ్లలోనూ ఆయుధాలు ఉండకూడదు అన్నది అందులో షరతు. సిస్తానీ గానీ ముఖ్తదా గానీ ఇద్దరూ షియా పెద్దలే, మసీదు నుంచి నేరుగా రాజకీయం నడపాలా, పక్కన నిలబడి అవసరమైనప్పుడే మాట చెప్పాలా అన్నదాని మీద ఇద్దరి దారులూ వేరు. నా మనసు సిస్తానీ వైపే ఉంటుంది, ఆ మోర్టార్లు పడ్డ రోజు గురించి చదివినప్పటి నుంచి.

మీ సేఠ్ గారిని ఒకటి అడగండి, మసీదును ఆనుకుని ముస్లిమ్ ఇబ్న్ అకీల్ సమాధి ఉంటుంది, ఎదురుగా హానీది, పక్కనే ముఖ్తార్‌ది, ఆయన వాటి దగ్గర ఆగే ఉంటారు. గవర్నర్ కోట ఉన్న చోట ఇప్పుడు తవ్వి తీసిన పునాదులున్నాయి, అవి కూడా చూశారేమో కనుక్కుని నాకు రాయండి.